ఖాళీ కండె చప్పుడు

ఇలా దగ్గరికి జరగండి. జంపఖానా పరిచి ఉంది, చెప్పులు గుమ్మం బయట వదిలి వచ్చి కూర్చోండి. ఫ్యాను ఆపేస్తున్నాను, ఉక్కపోతకు కాసేపు ఓర్చుకోండి. ఫ్యాను తిరిగితే నా మాటల కింద ఒక గురక నడుస్తుంటుంది. మీకు వినపడదేమో గానీ నాకు వినపడుతుంది. ఫోన్లు సంచుల్లో పెట్టుకోండి. ఇప్పుడు కళ్ళు మూసుకుని, ఈ గదిలో ఎన్ని చప్పుళ్ళున్నాయో చూడండి. తొందరేం లేదు.

మూడు అన్నవాళ్ళు ఇంకొంచెం ముందుకు జరగండి. ఏడు దాకా వచ్చినవాళ్ళకు చాయ్ ముందు వస్తుంది.

నా పేరు భూలక్ష్మి. వరంగల్ కొత్తవాడలో పుట్టాను, ఐదో తరగతితో బడి మానేశాను. ఇరవై ఏళ్ళకు పైగా సినిమాలకు శబ్దం కూర్చాను, సంగీతం కట్టాను. మీరు థియేటర్లో చూసే సినిమాలు కావు. వీటిలో కథ ఉండదు, హీరో ఉండడు, ఒక్కోసారి మనిషే ఉండడు. ఒక గోడ మీద పొద్దుటి ఎండ సాయంత్రానికి ఆ చివరికి చేరుతుంది, అదే సినిమా. చదువుకున్నవాళ్ళు వాటిని ప్రయోగాత్మక సినిమాలంటారు. మా వాడలో "భూలచ్చి తీసే అర్థంకాని సినిమాలు" అంటారు. తీసేది నేను కాదని ఎంత చెప్పినా అదే మాట.

ఈ పనిలోకి వద్దామనుకునే పిల్లలు అప్పుడప్పుడు మా ఇంటికి వస్తుంటారు. ఏ మిషను కొనాలి, ఏ కాలేజీలో చేరాలి అని అడుగుతారు. అవి నాకంటే మీకే బాగా తెలుసు. నేను చెప్పగలిగింది వేరే. మీ చేత్తో అబద్ధం చేయించాలని పెద్దవాళ్ళు కుర్చీ వేసి, చాయ్ ఇచ్చి, నవ్వుతూ అడిగినప్పుడు కాదనడం ఎలాగో చెప్పగలను. నేను చెప్పేది మా కోడలు కాగితం మీద రాసుకుని అక్షరాలు దిద్దిపెట్టింది. మాటలు నావే, ఒక్కటి కూడా వెనక్కి తీసుకోను.

రాట్నం పక్కన

మా ఇల్లు మగ్గం ఇల్లు. నాయన జంపఖానాలు నేసేవాడు, ఆయన తరువాత మా అన్న మల్లేశం. పక్కన అమ్మ రాట్నం తిప్పుతూ కండెలు చుట్టేది. చూడనివాళ్ళ కోసం చెప్తాను. కండె అంటే వేలెడంత పుల్ల, దాని నిండా నూలు చుట్టి ఉంటుంది. దాన్ని పడవలా ఉండే కొయ్య నాడెలో పెడతారు. ఆ నాడె పోగుల మధ్య నుంచి అటూ ఇటూ పరుగెత్తుతూ నూలు వదులుతుంటే బట్ట పెరుగుతుంది.

కండె నిండుగా ఉన్నప్పుడు నాడె బరువుగా ఉంటుంది. చివరికి పోయి తగిలినప్పుడు "దబ్" అంటుంది. నూలు అయిపోతే తేలికై "టొక్" అంటుంది. లోపల ఏమీ లేని డబ్బా మీద వేలితో కొట్టినట్టు. ఆ "టొక్" వినగానే ఆపాలి. ఆపకపోతే మనిషి నేస్తూనే ఉంటాడు, బట్ట మాత్రం ఉండదు.

నేసే మనిషి నోరు తెరిచి అడగడు. ఎడమ చెయ్యి వెనక్కి చాపుతాడు, అంతే. చెయ్యి చాపేసరికి కొత్త కండె అందులో పడాలి. అందించేది రాట్నం దగ్గరి ఆడమనిషి. ఆమె చెవి నాడె మీదే ఉండాలి, కూర తరుగుతున్నా సరే, పక్కింటామెతో పోట్లాడుతున్నా సరే. మా నాయనమ్మ పెళ్ళిచూపులకు వెళితే పిల్లను పాట పాడమనేది కాదట. మగ్గానికి వీపు పెట్టి కూర్చోబెట్టి, కండె అయిపోగానే తల తిప్పుతుందా లేదా చూసేదట. మా అమ్మ అలా నెగ్గి వచ్చిన కోడలే.

నాకు ఏడేళ్ళప్పుడు, అమ్మకు జ్వరమొస్తే రాట్నం దగ్గర నేను కూర్చున్నాను. వీధిలో ఐసు బండి గంటకు చెవి అటు పోయింది. తిరిగి చూసేసరికి నాయన చెయ్యి వెనక్కి చాచి ఉంది. ఎంతసేపటి నుంచో తెలియదు. తిట్టలేదు, తిరిగి చూడనూ లేదు. గాలిలో ఆగిపోయిన ఆ ఖాళీ చెయ్యిని నేను ఇప్పటికీ మరచిపోలేదు. నాకు శబ్దం నేర్పిన బడి అదే.

లొల్లి ఆపించండి సార్

హన్మకొండలో ఒక కాలేజీలో పాఠాలు చెప్పే సుధాకర్ సార్ కెమెరా పట్టుకుని మా అన్న షెడ్డుకు వచ్చినప్పుడు నాకు ముప్ఫై దాటాయి. షెడ్డులో నాలుగు మగ్గాలు నడుస్తున్నాయి. అమ్మ పోయాక రాట్నం నాదీ, మా వదిన లస్మవ్వదీ. సార్ వెంట హైదరాబాదు నుంచి వచ్చిన సౌండు మనిషి రెండు చెవులూ మూసుకున్నాడు.

"ఈ లొల్లి ఆపించండి సార్. బొమ్మ తీసుకోండి చాలు, తర్వాత సితార్ వేద్దాం."

నేను తల ఎత్తకుండానే అన్నాను. "అన్నీ ఆపుడెందుకు? గా మూలమగ్గం ఒక్కటి ఆపుండ్రి. దాని మేకు వదులైంది, గదే లొల్లి చేస్తాంది. కడమ మూడు మంచిగనే పాడుతాన్నయి."

సుధాకర్ సార్ ఇటు తిరిగాడు. "ఏమన్నవక్కా?"

"మేకు సారూ. ఎడమదిక్కు."

అన్న తన మగ్గం గుంటలోంచి లేచి వెళ్ళి చూశాడు. వేలు పెడితే మేకు ఊడి చేతికి వచ్చింది. "మా చెల్లెకు నాలుగు చెవులు సారూ. ఇంట్ల గుసగుస పెట్టేటట్టు లేదు" అని నవ్వాడు.

సార్ ఆ సౌండు మనిషి మెడలో ఉన్న హెడ్‌ఫోన్లు తీసి నా చెవులకు పెట్టాడు. రెండు ఇళ్ళ అవతలి కుక్కరు కూత, గడప దగ్గర కోడి గోళ్ళ గీర, పైన రేకు ఎండకు సాగుతున్న చిటచిట. నా గాజులు ఎవరో పరాయి ఆడమనిషివి అయినట్టు వినిపించాయి. భయమేసి తీసేశాను. మళ్ళీ నేనే అడిగి పెట్టుకున్నాను.

సౌండు మనిషి అన్నం తినడానికని వెళ్ళి తిరిగి రాలేదు. నాకు ఉద్యోగం అలా దొరికింది. దీనికి పరీక్షలుంటాయని తర్వాత తెలిసింది.

మైకు దేన్నీ వదలదు

పోచమ్మమైదాన్ దగ్గర ఖాదర్ భాయికి మైకుసెట్ల దుకాణం ఉండేది. పెళ్ళిళ్ళకు, సభలకు అద్దెకిచ్చేవాడు. తీగలు అతకడం, గాలి చప్పుడు రాకుండా మైకుకు తొడుగు వేయడం, బ్యాటరీ అయిపోతున్న సంగతి ముందే పసిగట్టడం ఆయన దగ్గరే నేర్చుకున్నాను. ఆడమనిషికి వైర్లెందుకని ఎవరైనా అడిగితే, "వైరుకు ఏమెరుక, పట్టుకున్నది ఎవలో" అనేవాడు.

ఆయన నాకు పెట్టిన నియమం ఒక్కటే. "చెవి తనకు వద్దన్నది ఇడిసిపెడ్తది బెహన్. మైకు దేన్నీ ఇడ్వదు. గందుకే ఏడికి పోయినా ముందుగాల జర కూసో. ఒక గంట నీ చెవితోని విను. అటెన్క మిషను తెరువు. ఫికర్ మత్ కర్, చప్పుడు యాడికీ పారిపోదు."

ఆ గంట కూర్చోవడానికి నాతో పనిచేసిన డైరెక్టర్లలో సగం మందికి ఓపిక లేదు. వాళ్ళతో రెండోసారి పనిచేయలేదు, మీరూ చేయకండి. పాలంపేటకు తీసుకుపోయిన ఒకాయన, అక్కడి పాత రాతి గుళ్ళో ఫలానా బొమ్మ మీద కొడితే స్వరాలు పలుకుతాయట, కొట్టండి, రికార్డు చేద్దాం అన్నాడు. వచ్చినవాళ్ళంతా కొట్టీ కొట్టీ రాయి నున్నబడి ఉంది. నేను ఇంకో దెబ్బ వేయను అన్నాను. "మరి సంగీతం ఎక్కడి నుంచి తెస్తారు?" అన్నాడు వెటకారంగా. పక్కనే పొలాలకు నీళ్ళు వదిలారు. మడి నుంచి మడికి గండి గుండా నీళ్ళు దూకుతున్నాయి. ఒక్కో గండి వెడల్పు ఒక్కో తీరు, ఒక్కో దాని గొంతు ఒక్కో తీరు. గట్టు మీద గంట కూర్చుని విని, తొమ్మిది గండ్లు పట్టుకొచ్చాను. ఆ సినిమాకు సంగీతం అవే. రాయి మీద దెబ్బ పడలేదు.

దుప్పటా, జంపఖానానా

సరిగమలు రాయడం నాకు రాదు. జంపఖానా డిజైను గళ్ళ కాగితం మీద గీస్తాం కదా, సంగీతమూ అలాగే గీశాను. ఒక్కో వరుస ఒక్కో మనిషిది. గడి ఎర్రగా ఉంటే గట్టిగా వాయించాలి, నీలంగా ఉంటే మెల్లగా, తెల్లగా ఉంటే చేతులు దించి కూర్చోవాలి. మొదటిసారి ఆ కాగితం ఇచ్చినప్పుడు ఫిడేలాయన కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నాడు.

"ఇది సంగీతమా అమ్మా, దుప్పటా?"

"జంపఖానా సారూ. దుప్పటి సన్నగుంటది."

మిగతావాళ్ళు నవ్వారు. ఆయన నవ్వలేదు గానీ వాయించాడు. తెల్లగడి వచ్చినచోట ఆగలేకపోయేవాడు, చెయ్యి ఊరుకునేది కాదు. ఎనిమిదోసారికి ఆగాడు. అయిపోయాక ఆ కాగితం మడిచి జేబులో పెట్టుకుంటూ, "ఉంచుకోవచ్చా?" అన్నాడు. ఉంచుకోమన్నాను.

నాకు సంగీతం రాదని ముఖం మీద అన్నవాళ్ళు ఉన్నారు. వాళ్ళ సంగీతం నాకు రాదు, నిజమే. నా తెల్లగడి దగ్గర వాళ్ళు ఆగలేరు, అదీ నిజమే.

నా తప్పు

ఇంతదాకా నా గొప్పలే విన్నారు. ఇప్పుడు ఇది వినండి.

సుధాకర్ సార్‌తో చేసిన రెండో సినిమా ఒక జంపఖానా పుట్టుక. మనుషుల ముఖాలు లేవు, బట్ట మాత్రమే పెరుగుతుంది. సుబేదారిలో సార్ ఒక గది అద్దెకు తీసుకున్నాడు. నాలుగు గోడలకూ జంపఖానాలు వేలాడదీసి, బయటి ఆటోల మోత లోపలికి రాకుండా చేసి, అక్కడ శబ్దం కూర్చాను. మగ్గం చప్పుడు ఎంత రికార్డు చేసినా నాకు తృప్తి లేదు. నాలుగు మగ్గాలూ కలిసిపోయి మొద్దుగా వచ్చేది. ఒకరోజు అందరూ అన్నానికి లేచారు. షెడ్డు ఖాళీ. అన్నను బతిమాలి కూర్చోబెట్టాను. నూలు పాడుచేయడం ఎందుకని ఖాళీ కండెతోనే నాడె ఆడించమన్నాను. అబ్బ, ఆ చప్పుడు! చెక్క లోపలి గాలి కూడా మోగింది. శుభ్రంగా, గుండ్రంగా, మృదంగం మీద వేలు పడినట్టు. సినిమా అంతా అదే వేశాను.

హైదరాబాదులో చూపిస్తే ఒకరు లేచి వచ్చి నా చేతులు పట్టుకున్నారు. "మగ్గంలో ఇంత సంగీతం ఉందా!" అన్నారు. నేను పొంగిపోయాను. ఇక మా వాళ్ళకు చూపించాలని, ఒక ఆదివారం మధ్యాహ్నం కొత్తవాడలో సంఘం హాలు అడిగి, కిటికీలకు జంపఖానాలు కట్టి చీకటి చేసి, తెర కట్టాం. వాడంతా వచ్చింది. ముందు వరుసలో కొమురయ్య తాత. అందరికంటే పెద్ద నేతగాడు, చూపు మందగించినా చెవి మందగించని మనిషి.

సినిమా మొదలై ఒక నిమిషం కూడా కాలేదు. తాత గొంతు లేచింది.

"ఓ పోరీ! ఆపు, ఆపు! కండె అయిపోయింది!"

హాలులో కదలిక. వెనక నుంచి ఎవరో ఆడమనిషి, "అవునే, ఎప్పుడో అయిపోయింది, ఎవలూ అందిస్తలేరు" అంది. తెర మీద బట్ట జోరుగా పెరుగుతోంది. టొక్, టొక్, టొక్.

"నూలు లేకుండ బట్ట ఎట్ల పెరుగుతాందిరా మల్లేశం?" అన్నాడు తాత. "గీ విద్దె మాకు గిట నేర్పు! నూలుబాధ తప్పుతది!"

నవ్వు హాలంతా పాకింది. అన్న తల దించుకున్నాడు. ఆ నాడె ఆడించిన చెయ్యి తనదే మరి. నేను తెర పక్కన నిలబడి ఉన్నాను. అక్కడే పుట్టి, అక్కడే పెరిగి, ఏడేళ్ళకే ఆ "టొక్" ఏమిటో తెలిసినదాన్ని. చప్పుడు బాగుందని దాని అర్థం పక్కన పెట్టేశాను. బయటివాళ్ళు మెచ్చుకున్నారని గుడ్డిగా నమ్మాను. మరొకరు ఎవరైనా చేస్తే తెలియక చేశారనొచ్చు. నేను తెలిసి చేశాను.

బయటకు వస్తూ తాత నా నెత్తి మీద చెయ్యి వేశాడు. "బిడ్డా, మంచిగ ఇనబడ్డదని కాదు, ఏం చెప్తాందో ఇను. నువ్వు రాట్నం కాడ కూసున్న పిల్లవు. నీకు జెప్పాల్నా?"

మరునాడే ఆ సినిమా శబ్దం అంతా తీసేసి, నిండు కండెలతో మళ్ళీ కూర్చాను. మొద్దుగానే వచ్చింది. అదే నిజం. నా చేతులు పట్టుకున్న ఆ హైదరాబాదాయన రెండోసారి విని, "పాతదే బాగుంది" అన్నాడు. అననీ అనుకున్నాను.

ఫిడేలు

కొన్నేళ్ళకు అన్న మోకాళ్ళు మొండికేశాయి. మగ్గం కింద కాళ్ళు పెట్టుకునే గుంటలోకి దిగితే ఎక్కలేడు. నూలు రావడమూ పలచబడింది. షెడ్డులో మిగిలింది ఆ ఒక్క మగ్గమే. "ఉన్న నూలు ఒడవంగనే మగ్గం ఇప్పేస్త సారూ" అని సుధాకర్ సార్‌తో అన్నాడు. ఒడవడమంటే అయిపోవడం. ఆ చివరి జంపఖానాను సినిమాగా తీద్దామన్నాడు సార్.

ఆ చివరి రోజు మధ్యాహ్నం రాట్నం దగ్గర మా వదిన లస్మవ్వ. తట్టలో కండెలు ఒక్కొక్కటే తగ్గుతున్నాయి. నేను మూలన మిషను తెరిచి కూర్చున్నాను. కెమెరా మనుషుల వైపు లేదు. ఎదుటి గోడ మీద పడ్డ ఎండ ముక్క వైపు ఉంది. చివరి కండె పడింది. దబ్, దబ్, దబ్. తర్వాత, టొక్.

అన్న అలవాటుగా ఎడమ చెయ్యి వెనక్కి చాపాడు. వదిన చేతిలో ఏమీ లేదు. తట్ట వైపు చూసింది, నా వైపు చూసింది. చాచిన చెయ్యి కాసేపు అలాగే ఉండి మళ్ళీ ముందుకు వెళ్ళిపోయింది. ఆయన తిరిగి చూడలేదు. నాడెను మళ్ళీ వేశాడు. టొక్. ఇంకోసారి. టొక్. అంతే, ఆపేశాడు. తర్వాత నిమిషం పైగా ఏమీ లేదు. వదిన గాజులు ఒకసారి కదిలాయి. వీధిలో ఆటో ఒకటి పోయింది. పైన రేకు చిటచిటలాడింది.

నేను అక్కడే అనుకున్నాను. ఈ సినిమాకు సంగీతం ఇదే, ఇక గళ్ళ కాగితం మీద గీయాల్సింది ఏమీ లేదు. నెలలోపే అన్న ఆ మగ్గం విప్పేశాడు, కొయ్యలు తలా ఒకటి పట్టుకుపోయారు. ఆ చప్పుడు ఇక ప్రపంచంలో నా మిషనులో తప్ప ఎక్కడా లేదు.

ఈ సినిమాకు డబ్బు పెట్టి వెనక నిలబడింది హైదరాబాదులో ఒక పెద్దసారు. చెడ్డమనిషేమీ కాదు. స్టూడియోకు పిలిచి, మంచి కుర్చీ వేసి, చాయ్ ఇచ్చి, సినిమా వేసి చూపించాడు. చివరి మూడు టొక్కులూ వచ్చే చోట, ఆ తర్వాతి నిమిషంలో ఒక ఫిడేలు మొదలైంది. నాకు తెలియకుండా ఎవరితోనో వాయించి కలిపేశారు.

నిజం చెప్తాను, నాకు ఏడుపొచ్చింది. అంత బాగా వాయించారు. పైట చెంగుతో కళ్ళు తుడుచుకున్నాను. పెద్దసారు నవ్వాడు. "చూశారా అమ్మా! ఇదీ కావలసింది. మీరే ఏడ్చారు."

అప్పుడు నాకు భయమేసింది. నేను ఏడ్చింది దేనికి? మా అన్న చెయ్యి గుర్తొచ్చి కాదు. ఆ ఫిడేలు ఏ సినిమాలో ఉన్నా, ఏ గోడ మీద ఉన్నా నేను అలాగే ఏడ్చేదాన్ని. దాని కింద మూడు టొక్కులూ మునిగిపోయాయి.

"ఫిడేలు తీసేయుండ్రి సారూ" అన్నాను.

"అక్కడ ఏముందమ్మా? గోడ, మూడు దెబ్బలు, ఒక నిమిషం నిశ్శబ్దం. చూసేవాడికి ఏం అర్థమవుతుంది?"

"నూలు ఒడిసిందని అర్థమైతది."

"ఎవరికి? ఆ తేడా తెలిసినవాళ్ళు మీ నాలుగు వీధుల్లో ఉంటారేమో. మనం సినిమా ప్రపంచానికి చూపిస్తున్నాం."

"ఆ నాలుగు వీధులు ప్రపంచంల లెవ్వా సారూ?"

సుధాకర్ సార్ మధ్యలో కూర్చుని ఇద్దరి వైపూ చూస్తున్నాడు. నా వైపు వంగి మెల్లగా అన్నాడు. "జర సర్దుకుందాం అక్కా. కొంచెం తగ్గించుమందాం ఫిడేలు. సినిమా బయటికి పోవాలె గదా."

"సారూ, ఒకపారి తెలిసి అబద్ధమాడిన. వాడంతా నవ్విండ్రు, నేను నిలవడి నవ్వించుకున్న. అది ఇంత బట్ట సంగతి. ఇది మా అన్న సంగతి. ఫిడేలు ఉంటే నా చప్పుడు ఉండది."

పెద్దసారు ముఖం మారింది. "మీ పేరు తీసేయమంటే తీసేస్తాం. సినిమా మాత్రం ఇలాగే వెళ్తుంది."

"పేరు తీసుకోండ్రి. చప్పుడు నాది, నా మిషనుల పట్టిన, నేను తీస్కపోత. మీ ఫిడేలు మీకుంది గదా, గోడకు అది పెట్టుకోండ్రి."

ఆ స్టూడియోలో నా చప్పుళ్ళు నడుస్తున్నది నా డబ్బాలోంచే. దాని తీగలు ఊడదీసి, తువ్వాలులో చుట్టి సంచిలో పెట్టుకున్నాను. ఎవరూ ఆపలేదు. సికింద్రాబాదులో రైలెక్కి, దారంతా సంచి ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాను. తప్పు చేశానా అని జనగామ దాకా అనుకున్నాను. కాజీపేట వచ్చేసరికి ఆకలేసింది.

నాలుగో రోజు సుధాకర్ సార్ మా గుమ్మంలో నిలబడ్డాడు. గడ్డం పెరిగి ఉంది.

"ఫిడేలు లేకుంట మొదటినుంచి మళ్ళ చూసిన అక్కా. నువ్వు చెప్పిందే కరెక్టు. పెద్దసారు తప్పుకున్నడు."

"నీకు కోపమున్నదా సారూ?"

"ఉన్నది. చాయ్ పొయ్యి."

ఆ సినిమా పోవాల్సిన పెద్ద పెద్ద సినిమా పండగలకు పోలేదు. ఆ దెబ్బ ఇద్దరికీ తగిలింది. సార్‌కు తర్వాతి సినిమా రావడానికి చాలాకాలం పట్టింది. నన్ను మొండిదన్నారు, ఆమెతో పెట్టుకోవద్దన్నారు. ఇది ముందే తెలిసి ఈ పనిలోకి రండి. కాదన్నవాళ్ళకు చప్పట్లు కొడతారని ఎవరైనా చెప్తే నమ్మకండి. ఇప్పటికీ నన్ను ఆ కుర్చీలో కూర్చోబెడితే ఆ డబ్బా అలాగే ఊడదీస్తాను.

అందించే చెయ్యి

సుబేదారి గదిలో, గోడలకున్న అవే జంపఖానాల మధ్య, మేమిద్దరమే ఆ సినిమా పూర్తిచేశాం. మళ్ళీ అదే సంఘం హాలు, మళ్ళీ ఒక ఆదివారం మధ్యాహ్నం. కిటికీలకు కట్టినవాటిలో అన్న నేసిన ఆ చివరిదీ ఉంది. కొమురయ్య తాతను ఇద్దరు పట్టుకుని తెచ్చి ముందు కూర్చోబెట్టారు. వదిన నా పక్కన కూర్చుంది. అన్న లోపలికి రానన్నాడు. బయట గడప మీద కూర్చున్నాడు.

తెర మీద గోడ. గోడ మీద ఎండ ముక్క. దబ్, దబ్. వెనక ఎవరో దగ్గారు. పసిపిల్ల ఒకతె ఏదో అడిగితే తల్లి ఊరుకోమంది. దబ్. తర్వాత, టొక్.

చీకట్లో నేను తెరను చూడలేదు, జనాన్ని చూశాను. ఆ హాలులో రాట్నం తిప్పిన ప్రతి ఆడమనిషి చెయ్యీ ఒళ్ళోకి వెళ్ళింది, కండె తట్ట ఉండే చోటికి. వాళ్ళకు తెలియకుండానే. పవర్‌లూములకు మారిపోయి ఏళ్ళైనవాళ్ళ చేతులు కూడా. పక్కన వదిన చెయ్యి కూడా వెళ్ళింది.

టొక్.

ఎవరూ ఆపమని అరవలేదు. ఎవరూ నవ్వలేదు.

టొక్.

తర్వాత ఏమీ లేదు. గాజులు కదిలాయి. ఆటో పోయింది. ఆ నిశ్శబ్దంలో కొమురయ్య తాత గొంతు వినిపించింది. ఈసారి అరవలేదు, ఇంట్లో మనిషితో అన్నట్టు అన్నాడు.

"కండె అయిపోయింది." కాసేపాగి, "ఎవలన్న ఇంకోటి అందియ్యుండ్రి" అన్నాడు.

అందించడానికి ఎవరి దగ్గరా లేదు. రేకు చిటచిటలాడింది. సినిమా అయిపోయింది.

బయటకు వస్తే అన్న ఇంకా గడప మీదే ఉన్నాడు. నేను పక్కన కూర్చున్నాను. కొంచెం జరిగి నాకు చోటిచ్చాడు. తర్వాత అడిగాడు.

"మూడుసార్లా ఏసింది నేను?"

"మూడు."

"ఒక్కటే అనుకున్న. కండె లేదని ఎరుకై ఆపిన అనుకున్న." ఎడమ చెయ్యి తిప్పి చూసుకున్నాడు. "ఇంక రెండు ఏసిన్నా!"

ఆ రెండింటి కోసమే నేను ఆ కుర్చీ లోంచి లేచి వచ్చాను పిల్లలూ. వేసిన మనిషికే తెలియని రెండు దెబ్బలు. ఫిడేలు కింద ఉంటే మా అన్నకు అవి ఎప్పటికీ తెలిసేవి కావు.

రెండేళ్ళ కిందట నా ఎడమ చెవి సన్నని చప్పుళ్ళను వదిలేయడం మొదలుపెట్టింది. రేకు చిటచిట ముందు పోయింది. చేతిలో ఉన్న పని కొత్త పిల్లలకు అప్పజెప్పి మానేశాను. వినపడనిది వినపడినట్టు కూర్చోవడం నా వల్ల కాదు. మిషను అమ్మలేదు, బీరువాలో ఉంది. కావలసినవాళ్ళు ముందు ఇక్కడ ఒక గంట ఊరికే కూర్చోవాలి. అప్పుడు తీసిస్తాను.

ఇక చాయ్ తాగి లేవండి, ఫ్యాను వేస్తాను. మీ ఇంట్లో పొయ్యి మీద గిన్నె ఉడికే చప్పుడు ఆగకూడదు. మీ వాకిట్లో పిల్లల అడుగుల చప్పుడు తరగకూడదు. మీరు ఏ పనిలో మునిగి ఉన్నా, చూడకుండా చెయ్యి వెనక్కి చాపితే అందించే మనిషి మీ ఇంట్లో ఎప్పుడూ ఉండాలి. ఆ మనిషి చెయ్యి చాచిన రోజున, మీ చెవి అటే ఉండాలి. చల్లగా ఉండండి, మీరూ, మీ ఇల్లూ.